కలలోనే తెల్లారితే? మీ దొంగపొద్దు గురించి ఒక స్లీప్ ల్యాబ్ టెక్నీషియన్ జవాబు

మీ ప్రశ్న నాకు అర్థమైనట్టు ముందు చెప్తాను. మీరు రాస్తున్న నవలలో మాగన్నుసీమ అనే కలలోకం ఉంది. ఊళ్ళోవాళ్ళు నిద్రలో అక్కడికి వెళ్తారు, తెల్లారేసరికి వెనక్కి వస్తారు. అక్కడ అన్నిటికంటే ప్రమాదమైనది దొంగపొద్దు. కల ఇంకా నడుస్తుండగానే తెల్లారినట్టవుతుంది, కోడి కూస్తుంది, వాకిట్లో కళ్ళాపి చల్లుతున్న చప్పుడు వినిపిస్తుంది. నిజంగానే లేచామనుకుని మంచం దిగినవాళ్ళు ఇక తిరిగి రారు. ఇక్కడ ఒళ్ళు గిలగిలా కొట్టుకుని, కొన్నాళ్ళు అలాగే పడి ఉండి చనిపోతుంది. చదివినవాళ్ళు మిమ్మల్ని మూడు ప్రశ్నలు అడిగారు. కలలో చస్తే నిజంగా చస్తారా? పక్కనున్నవాళ్ళు తట్టి లేపొచ్చు కదా? అసలు ఇలాంటిదానికి నిజం నిద్రలో ఆధారం ఏమైనా ఉందా?

నేను పదిహేడేళ్ళుగా స్లీప్ ల్యాబ్‌లో నైట్ డ్యూటీ చేస్తున్నాను. పేషెంటు తలకి, కళ్ళ పక్కన, గడ్డం కింద, కాళ్ళకి వైర్లు అంటించి, ఛాతీకి బెల్టు కట్టి, రాత్రంతా పక్క గదిలో కూర్చుని స్క్రీన్ చూడటం నా పని. అందుకే మీ కథని కలలోపల నుంచి కాకుండా మంచం వైపు నుంచి చూస్తాను. నాకు కనిపించిన లోపం కూడా అక్కడే ఉంది.

ముందు ఆధారం సంగతి. దొంగపొద్దు నిద్రలో నిజంగా జరుగుతుంది. మేం దాన్ని ఫాల్స్ అవేకెనింగ్ అంటాం. తెలుగులో దొంగ నిద్ర అన్న మాట ఎలాగూ ఉంది కాబట్టి దీన్ని దొంగ మెలకువ అనుకోవచ్చు. ఒకసారి గురక పరీక్షకి వచ్చిన ఒకావిడ, పొద్దున్నే నేను వైర్లు తీస్తుంటే, "రాత్రి మిమ్మల్ని ఇబ్బంది పెట్టాను, ఏమనుకోకండి" అన్నారు. ఎందుకండీ అంటే, "బాత్రూంకి లేచాను కదా, మీరే వచ్చి వైర్లు విప్పి మళ్ళీ పెట్టారు" అన్నారు. రాత్రి పదకొండు తర్వాత నేను ఆ గదిలో అడుగు పెట్టలేదు. రికార్డింగ్ తీసి చూపించాను. నాలుగు దాటాక కూడా ఆవిడ కుడి పక్కకి తిరిగి పడుకునే ఉన్నారు, దుప్పటి అంగుళం కదల్లేదు. ఆవిడ నమ్మలేదు. కాలి కింద టైల్స్ చల్లగా తగిలాయట. బాత్రూం లైటు ఎన్నిసార్లు నొక్కినా వెలగలేదట. "కరెంటు పోయిందనుకుని చీకట్లోనే వెళ్ళొచ్చాను" అన్నారు. వీడియో రెండోసారి వేయమన్నారు. చూస్తూ చూస్తూ నా చేయి పట్టుకున్నారు, ఆ చేయి చల్లగా ఉంది. "మరి ఇప్పుడు లేచానా అండీ?" అని అడిగారు. ఆ ప్రశ్న ఇప్పటికీ నా చెవుల్లో ఉంది.

ఆ లైటు సంగతి మీ కథకి చాలా పనికొస్తుంది. కలలో స్విచ్ నొక్కితే లైటు సరిగా వెలగదని చాలామంది చెప్పినట్టు బ్రిటిష్ పరిశోధకుడు కీత్ హర్న్ 1981లో రాశారు. మన ఊళ్ళో పెరిగినవాడికి స్విచ్ నొక్కితే లైటు రాకపోవడం వింతేమీ కాదు, కరెంటు పోయిందనుకుని ముందుకి నడుస్తాడు. మీ మూడో భాగంలో సీలింగ్ ఫ్యాను ఉంది కాబట్టి ఊళ్ళో కరెంటు ఉన్నట్టే. దొంగపొద్దుకి గుర్తు ఆకాశంలో ఎర్రటి చారలు అని రాశారు. అది తీసేయండి. ఫ్యాను ఆగి ఉండటం, స్విచ్ పనిచేయకపోవడం చాలు. పాత్ర పట్టించుకోదు, పాఠకుడు పట్టేస్తాడు.

ఇంకొకటి. సీలియా గ్రీన్ అనే ఆవిడ 1968లో దొంగ మెలకువల్ని రెండు రకాలుగా విడదీశారు. మొదటి రకంలో మనిషి లేచి, పళ్ళు తోముకుని, ఆఫీసుకి తయారై, అప్పుడు నిజంగా లేస్తాడు. రెండో రకంలో మంచం మీదే ఉంటాడు. గది అచ్చం తన గదే, అన్నీ ఎక్కడివక్కడే ఉంటాయి, కానీ ఏదో జరగబోతోందన్నట్టు గాలి బిగుసుకుని ఉంటుంది. మీరు మొదటి రకం మాత్రమే వాడారు. ఊళ్ళోవాళ్ళు మంచం దిగాలా వద్దా అని తేల్చుకోలేని ఆ నాలుగు నిమిషాలు రెండో రకంలో ఉన్నాయి. ఒక అధ్యాయమంతా అక్కడే ఆపినా నేను విసుక్కోకుండా చదువుతాను.

ఇక లోపం దగ్గరికి వస్తాను. మీరు మంచం మీది ఒంటిని గిలగిలా కొట్టుకునేలా చేశారు. నురగ, కేకలు, వేళ్ళు కొంకర్లు పోవడం కూడా ఉన్నాయి. అలా అయితే ఇల్లంతా లేస్తుంది. అప్పుడు పాఠకుడు తట్టి లేపొచ్చు కదా అని అడగడం న్యాయమే.

నిజానికి కల గట్టిగా నడిచే వేళ ఒళ్ళు అంత నిశ్చలంగా మరెప్పుడూ ఉండదు. 1953లో షికాగోలో యూజీన్ అసెరిన్‌స్కీ, నథానియెల్ క్లైట్‌మన్ నిద్రలో కళ్ళు గబగబా కదిలే దశని బయటపెట్టారు. దానికే రెమ్ నిద్ర అని పేరు. ఆ దశలో మెదడు దాదాపు మెలకువలో ఉన్నంత చురుగ్గా ఉంటుంది. మెదడు కాండం నుంచి వెళ్ళే ఆజ్ఞలు మాత్రం వెన్నుపాము దగ్గర కండరాలకి తాళం వేస్తాయి. స్క్రీన్ మీద నేను దాన్ని రోజూ చూస్తాను. గడ్డం కింద పెట్టిన ఎలక్ట్రోడ్ గీత అప్పటిదాకా గరుగ్గా, సన్నటి గడ్డి మొలిచినట్టు ఉంటుంది. ఉన్నట్టుండి నున్నగా, తాడు లాగి కట్టినట్టు అయిపోతుంది. కాసేపటికి కళ్ళ గీతలు రెండూ ఎదురెదురుగా ఎగిరిపడతాయి. ఊపిరి క్రమం తప్పుతుంది. కెమెరాలో చూస్తే మనిషి హాయిగా పడుకుని ఉంటాడు. లోపల పులి తరుముతుండొచ్చు. బయటికి ఏమీ తెలియదు.

కాబట్టి మీ నవలలోని నీలవేణి దొంగపొద్దులో చిక్కుకున్న రాత్రి ఆమె తల్లి గదిలోకి రావాలి. కూతురి ముఖం చూడాలి. అంత ప్రశాంతంగా పడుకోవడం ఈ మధ్య ఎప్పుడూ చూడలేదనుకోవాలి. "పాపం, అలిసిపోయింది, పడుకోనీ" అని తలుపు చప్పుడు కాకుండా దగ్గరికి వేసి వెళ్ళిపోవాలి. ఎందుకు లేపలేదు అన్న ప్రశ్నకి జవాబు ఇదే. అమ్మ ప్రేమతోనే లేపలేదు. దీనికి మంత్రాలూ శాపాలూ అక్కర్లేదు.

మీ నవలలో పెద్దాయన "నిద్రలో ఉన్నవాణ్ణి ఉలిక్కిపడేలా లేపకూడదు" అంటాడు, కారణం చెప్పడు. ఆ మాటకి చాలా పాత మూలం ఉంది. బృహదారణ్యకోపనిషత్తు నాలుగో అధ్యాయంలో యాజ్ఞవల్క్యుడు జనకుడికి కల గురించి చెప్పేచోట, నిద్రపోయేవాణ్ణి ఒక్కసారిగా లేపొద్దంటారని, అది తిరిగి చేరలేకపోయిన చోటుకి వైద్యం చేయడం కష్టమని వస్తుంది. అంటే కలలోకి వెళ్ళినది వెనక్కి వచ్చేటప్పుడు ఒంట్లో ఏదో ఒక భాగానికి చేరలేకపోవచ్చన్న భయం అప్పటికే ఉంది. వైద్యపరంగా అయితే రెమ్ నిద్రలో ఉన్నవాళ్ళని లేపితే ఏ ప్రమాదమూ లేదు, చాలామంది వెంటనే తేరుకుని కల చెప్పేస్తారు కూడా. గాఢనిద్రలోంచి లేపినవాళ్ళే కాసేపు అయోమయంగా మాట్లాడతారు. మీ లోకానికి మాత్రం ఉపనిషత్తులో ఉన్న ఆ భయాన్ని నియమంగా తీసుకోండి. తిరిగి వచ్చినవాడికి ఎడమ చేయి రాలేదు, లేదా గొంతు రాలేదు. ఒళ్ళంతా ఉంది, ఆ ఒక్కటి అక్కడే ఉండిపోయింది. చావు కంటే ఇది నన్ను ఎక్కువ భయపెడుతుంది.

తాళం పడనివాళ్ళు కూడా ఉంటారు. ఫ్రాన్స్‌లోని లియాన్‌లో మిషెల్ జువే అనే పరిశోధకుడు పిల్లుల మెదడు కాండంలో ఒక చిన్న చోటు దెబ్బతీస్తే, అవి రెమ్ నిద్రలోనే లేచి లేని ఎలుకని వేటాడటం చూశారు. మనుషుల్లో ఈ జబ్బుని 1986లో అమెరికాలో మిన్నెసోటాకి చెందిన కార్లోస్ షెంక్, మార్క్ మహోవాల్డ్ వివరించారు. నా దగ్గరికి వచ్చినవాళ్ళలో ఒక రిటైర్డ్ పెద్దాయన కలలో కుక్కని తంతూ గోడకి తన్ని కాలి వేలు విరగ్గొట్టుకున్నారు. ఆయన భార్య రెండేళ్ళుగా కింద చాప మీద పడుకుంటున్నానని, ఎవరికీ చెప్పుకోలేదని నాతో అన్నారు. మీ ఊళ్ళో అలాంటి తాత ఒకడు ఉంటే దొంగపొద్దు అతన్ని మింగలేదు. అతని ఒళ్ళు నోరు మూసుకోదు, కేక వేస్తుంది, ఇంట్లోవాళ్ళు లేస్తారు. అందరూ పిచ్చివాడనుకునే ఆ తాతే లోపల ఏముందో చెప్పగలిగేవాడు అవుతాడు. చేయి కొద్దిగా వణికేలా రాయండి. ఈ జబ్బు ఉన్నవాళ్ళలో చాలామందికి ఏళ్ళ తర్వాత పార్కిన్‌సన్స్ లాంటి మెదడు జబ్బులు వస్తాయి. ఇది చదివేవాళ్ళ ఇళ్ళల్లో యాభై దాటినవాళ్ళెవరైనా కలలో ఇలా కొడుతూ తంతూ ఉంటే, నవ్వి ఊరుకోకుండా న్యూరాలజిస్టుకి చూపించండి.

కలలో చస్తే చస్తారా అన్న ప్రశ్నకి సూటి జవాబు: లేదు. కలలో చచ్చి, లేచి, కాఫీ తాగుతూ ఆ కల చెప్పినవాళ్ళు నాకు లెక్కలేనంతమంది తెలుసు. కానీ ఈ ప్రశ్న వెనక నిజంగా జరిగిన ఒక విషాదం ఉంది, అది మీకు తెలియాలి.

లావోస్ కొండల్లో ఉండే హ్మాంగ్ జనం యుద్ధం తర్వాత శరణార్థులుగా అమెరికా వెళ్ళారు. 1977 నుంచి వాళ్ళలో ఆరోగ్యంగా ఉన్న యువకులు రాత్రి పడుకుని నిద్రలోనే చనిపోవడం మొదలైంది. దాదాపు అందరూ మగవాళ్ళే. 1981లో అక్కడి ప్రభుత్వ వ్యాధి నియంత్రణ సంస్థ దీని మీద నివేదిక ఇచ్చింది. అప్పటికే డజన్ల కొద్దీ చావులు, తర్వాత వందకి పైగా. హ్మాంగ్ పెద్దలు రాత్రి వచ్చి గుండెల మీద కూర్చునే ఒక ఆత్మ గురించి చెప్పారు. మన దగ్గరా నిద్రలో దయ్యం గుండెల మీద కూర్చుందనే అంటాం కదా. రెమ్ తాళం విడకముందే మెలకువ వస్తే అలా అవుతుంది, కళ్ళు తెరుచుకుంటాయి, వేలు కదలదు. ఫిలిప్పీన్స్‌లో ఇలాంటి నిద్రచావుకి బంగుంగోట్ అని పేరు, జపాన్‌లో పొక్కురి. థాయ్‌లాండ్ ఈశాన్యపు పల్లెల్లో దీన్ని వితంతు దయ్యం పని అనుకుని, దాన్ని ఏమార్చడానికి మగవాళ్ళు గోళ్ళకి ఎర్ర రంగు వేసుకుని పడుకున్నారు.

1992లో పెడ్రో బ్రుగాడా, జోసెప్ బ్రుగాడా అనే అన్నదమ్ములు ఈసీజీలో ఒక ప్రత్యేకమైన తీరుని, దానితో వచ్చే హఠాన్మరణాలని వివరించారు. గుండె కణాల్లో సోడియం రాకపోకల్లో తేడా వల్ల, మనిషి విశ్రాంతిగా ఉన్నప్పుడు, ముఖ్యంగా నిద్రలో, గుండె లయ తప్పుతుంది. ఆగ్నేయాసియా నిద్రచావుల్లో చాలావాటి వెనక ఉన్నది ఇదేనని తర్వాత తేలింది. అది ఇళ్ళల్లో వంశపారంపర్యంగా వస్తుంది. జ్వరం వచ్చిన రాత్రి ప్రమాదం ఎక్కువ, కడుపు నిండా తిని పడుకున్న రాత్రీ ఎక్కువే. గుండెల మీద దయ్యం కూర్చున్నట్టు అనిపించడం వల్ల ఎవరూ చనిపోరు, ఇది స్పష్టంగా చెప్తున్నాను. అది మామూలుగా కొద్ది నిమిషాల్లో దానంతటదే వదిలిపోతుంది. అయితే మీ కుటుంబంలో ఎవరైనా నలభై ఐదు లోపు నిద్రలో కారణం తెలియకుండా పోయి ఉంటే, మిగతావాళ్ళు ఒక్కసారి గుండె డాక్టరు దగ్గర ఈసీజీ తీయించుకోండి.

కథకి దీన్ని ఎలా వాడాలంటారా? దొంగపొద్దులో మంచం దిగిన అందరినీ చంపకండి. ఎక్కువమంది మామూలుగా లేచి పొలానికి పోతారు. ఒకే ఇంటిపేరున్న మగవాళ్ళు మాత్రం, జ్వరం వచ్చిన రాత్రి, పెళ్ళిభోజనం చేసిన రాత్రి, లేవరు. ఊరంతా కలని అనుమానిస్తుంది. ఆ ఇంటి కోడలు ఒక్కతే తేదీలు రాసిపెట్టుకుంటుంది.

లేవకుండా ఉండిపోయేవాళ్ళ కోసం ఇంకో నిజం ఉంది. ఇటలీలో వెనిస్ ప్రాంతపు ఒక కుటుంబంలో తరతరాలుగా, ఎక్కువగా నడివయసులో, నిద్ర పూర్తిగా పోయి, నెలల్లో చనిపోయే జబ్బు ఉంది. 1986లో బొలోన్యాకి చెందిన ఎలియో లుగారేసి బృందం దాన్ని ప్రకటించింది. ఫేటల్ ఫెమీలియల్ ఇన్‌సోమ్నియా అంటారు, ప్రియాన్ అనే చెడిపోయిన ప్రొటీన్ వల్ల వస్తుంది. ఆ పేషెంట్లు నిద్రపోరు, కానీ కూర్చున్నచోటే కలలోకి జారిపోతారు. చేతులు తల దువ్వుకుంటున్నట్టు, గుండీలు పెట్టుకుంటున్నట్టు కదులుతాయి. పిలిస్తే ఒక్కోసారి తిరిగి వచ్చి కల చెప్తారు, మళ్ళీ జారిపోతారు. మీ నవలలో ఒళ్ళు కొన్నాళ్ళు కదలకుండా పడి ఉండి చనిపోతుందన్నారు. రెమ్ నిద్ర రోజుల తరబడి ఆగకుండా సాగదు, నీళ్ళు లేకుండా మనిషి కూడా కొద్దిరోజులే ఉంటాడు. దానికి బదులు అతను అరుగు మీద కూర్చుని, లేని పశువుకి లేని గడ్డి వేస్తూ ఉంటే? పిలిస్తే పలుకుతాడు. "వస్తున్నా, ఇంకా తెల్లారలేదుగా" అంటాడు.

ఎప్పుడు రావాలన్నది కూడా సరిచేయండి. మీరు దొంగపొద్దుని అర్ధరాత్రి పెట్టారు. రెమ్ నిద్ర సుమారు తొంభై నిమిషాలకోసారి వస్తుంది. మొదటిసారి పది నిమిషాలే, తెల్లారేకొద్దీ అది అరగంట దాకా, ఇంకా పైకీ సాగుతుంది. నా డ్యూటీలో మూడున్నర నుంచి ఐదున్నర మధ్యే కళ్ళ గీతలకి తీరిక ఉండదు. దొంగపొద్దు నిజం పొద్దుకి ఆనుకునే రావాలి. అప్పుడు నిజం కోడి ఏదో, దొంగ కోడి ఏదో తేల్చుకోవడం కష్టమవుతుంది.

బయటపడే దారి ఏమిటన్నది మీరు ఎక్కడా రాయలేదు. తాళం పడిన ఒంట్లో రెండిటికి మినహాయింపు ఉంది: ఊపిరి తీసే కండరం, కళ్ళు. 1975లో ఇంగ్లండ్‌లోని హల్ విశ్వవిద్యాలయంలో కీత్ హర్న్, ఆలన్ వర్స్‌లీ అనే ఆయన మీద ఒక ప్రయోగం చేశారు. కలలో ఉన్నానని తెలిసిన వెంటనే కళ్ళని ఎడమకీ కుడికీ లెక్కగా తిప్పమన్నారు. నిద్రలోంచి ఆ సంకేతం కాగితం మీద గీతలుగా వచ్చింది. 2021లో అమెరికా, ఫ్రాన్స్, జర్మనీ, నెదర్లాండ్స్ ల్యాబ్‌లు ఇంకో అడుగు వేశాయి. కలలో ఉన్నవాళ్ళని బయటినుంచి ప్రశ్నలు అడిగారు. ఎనిమిదిలోంచి ఆరు తీస్తే ఎంత అంటే, ఒకతను కళ్ళు రెండుసార్లు ఎడమకీ కుడికీ తిప్పి జవాబిచ్చాడు. నిద్రపోతూనే.

కాబట్టి మీ ఊళ్ళో కాపలా ఆచారం పెట్టండి. మూడో జాము దాటాక ఇంటికొకరు దీపం పట్టుకుని పడుకున్నవాళ్ళ రెప్పల్ని చూస్తూ కూర్చుంటారు. చిన్నప్పుడే పిల్లలకి నేర్పుతారు: లేచావనిపిస్తే ముందు స్విచ్ నొక్కు, వెలగకపోతే మంచం దిగకు, కళ్ళు ఎడమకి, కుడికి, ఎడమకి, కుడికి తిప్పు. అప్పుడు కాపలా ఉన్న మనిషి పేరు పెట్టి మెల్లగా పిలుస్తుంది, కుదపదు. పొద్దంతా నాట్లు వేసి వచ్చిన తల్లికి ఆ వేళ కునుకు పడితే ఏమవుతుందో రాయడానికి మీకు నేను చెప్పక్కర్లేదు.

చివరగా ఒక్క మాట, ఇది నవల గురించి కాదు. దొంగ మెలకువ తెప్పించుకోవడానికి మూడు వారాలుగా రాత్రి మూడింటికి అలారం పెట్టుకుంటున్నానని, వెల్లకిలా పడుకుంటున్నానని, రెండుసార్లు ఒళ్ళు బిగుసుకుపోయి భయమేసిందని రాశారు. నిద్ర ముక్కలవడం, వెల్లకిలా పడుకోవడం, ఆ రెండూ కలిస్తే అలా బిగుసుకుపోవడం ఎక్కువవుతుంది. కొత్తగా ఏమీ దొరకదు, పగలు టెన్షన్, బండి మీద కునుకు మిగులుతాయి. అలారం తీసేయండి. పక్కకి తిరిగి పడుకోండి. మళ్ళీ అలా అయితే ఊపిరి మామూలుగా తీసుకుంటూ ఒక్క కాలి బొటనవేలిని కదపడం మీదే మనసు పెట్టండి, చాలామందికి అలా విడుస్తుంది. నీలవేణి తల్లి తలుపు దగ్గరికి వేసే భాగం రాశాక ఇక్కడ పెట్టండి. డ్యూటీ దిగి వచ్చి చదువుతాను.